లోపల పెట్టిన రేకు

భ్రమరాంబ గురించి రాయమని నన్నెవరూ అడగలేదు. అడగరు కూడా. మా లాబొరేటరీ గురించి ఒక పుస్తకం వేశారు. అందులో డాక్టరుగారి ఫోటో ఉంది, గాజు పెట్టె ఫోటో ఉంది, ఢిల్లీ నుంచి వచ్చిన పెద్దమనిషి కొబ్బరికాయ కొడుతున్న ఫోటో ఉంది. ఆమె మాత్రం ‘ఇతర సిబ్బంది’ అన్న రెండు మాటల్లో కలిసిపోయింది. నేనూ అందులోనే ఉన్నాననుకోండి, నా సంగతి పోనివ్వండి. నేను స్టోరు కీపర్ని. పొద్దున్న తాళాలు తీశాను, సాయంత్రం తాళాలు వేశాను. మధ్యలో ఒక పాపం చేశాను. అది కూడా చెబుతాను, దాచుకోవాలని లేదు.

ఎనభై మూడులో మద్దిలపాలెం దాటాక రోడ్డుకి కాస్త లోపలగా ఒక పాత గోడౌనులో మా లాబొరేటరీ మొదలైంది. డాక్టర్ సన్యాసిరాజుగారిది విజయనగరం వైపు. మనిషి బక్కపల్చన. భోజనం చేశారో లేదో ఆయనకే గుర్తుండేది కాదు. మళ్లీ మళ్లీ ఛార్జి చేసుకోగల లిథియం బ్యాటరీ తయారు చేయాలని ఆయన పట్టుదల. లిథియం అంటే చాకుతో కోస్తే తెగే మెత్తటి లోహం. చాలా తేలిక. కానీ దానికి నీళ్లంటే పడదు, తగిలితే భగ్గుమంటుంది. తడిగాలి తగిలినా నల్లబడిపోతుంది. సముద్రం పక్కన కాపురం పెట్టి తడి పడని లోహంతో పని పెట్టుకున్న మనిషిని ఏమనాలో నాకు ఇప్పటికీ తెలియదు.

ఆయన పట్టుదలకి కారణం పోర్టులో ఉంది. ఓడలకి దారి చూపించడానికి నీళ్లమీద తేలే దీపాలుంటాయి, బోయాలంటారు. వాటిలో పెట్టే మామూలు బ్యాటరీ ఇద్దరు మనుషులు మోస్తేగాని కదలదు. ఊగే పడవలోంచి ఊగే బోయా మీదకి దాన్ని ఎక్కించడంలో ఎంతమంది నడుములు విరిగాయో పోర్టు దీపాల సెక్షన్‌లో అడిగితే చెబుతారు. లిథియందైతే ఒక్కడే చంకలో పెట్టుకుని పోవచ్చు. ఆ సెక్షన్‌లో ఛార్జింగ్ చూసే వీర్రాజు ఆ మాట విని డాక్టరుగారి వెంట పడ్డాడు. వీర్రాజుది తూర్పు గోదావరి. పోర్టు ఉద్యోగం కోసం వచ్చి ఇక్కడే పాతుకుపోయాడు. భ్రమరాంబ అతని భార్య.

ఇప్పుడు కొంచెం బ్యాటరీ సంగతి చెప్పాలి, విసుక్కోకండి. సెల్లులో రెండు పట్టీలుంటాయి. ఒకటి లిథియం, ఒకటి నల్లటి పొడి పూసిన పట్టీ. ఈ రెండూ ఒకదాన్నొకటి తాకాయంటే మంటే. అందుకని మధ్యలో సిగరెట్టు కాగితం కన్నా పల్చని ప్లాస్టిక్ ఫిల్ము వేసి, చుట్టినప్పుడు బయటివైపూ తాకకుండా ఇంకో ముక్క వేసి, అన్నీ కలిపి చుట్టగా చుట్టి డబ్బాలో పెడతారు. ప్రాణమంతా ఆ ఫిల్ములోనే ఉంది. అదేమో వేడి తగిలితే ముడుచుకుపోతుంది. ముడుచుకోకుండా, గట్టిగా అడ్డు నిలబడేలా దానిమీద అల్యూమినా అనే తెల్లటి పొడితో పల్చటి పూత వేయాలని డాక్టరుగారి ఆలోచన. బ్రష్షుతో వేస్తే చారలు పడ్డాయి. గాలితో చిమ్మితే బొబ్బలు లేచాయి. ఏడాది అలాగే గడిచింది.

ఒక ఆదివారం డాక్టరుగారూ నేనూ వీర్రాజు ఇంటికి వెళ్లాం. భ్రమరాంబ పూతరేకులు పెట్టింది. డాక్టరుగారు తినకుండా రేకుని వెలుగుకి ఎత్తి చూస్తూ కూర్చున్నారు.

“ఈ రేకు ఎవరు తీశారమ్మా?” అన్నారు.

“నేనేనండి. బాగోలేదాండి?” అని ఆవిడ కంగారు పడింది.

బోర్లించిన కుండ కింద మంట పెట్టి, నీళ్లలా పల్చగా కలిపిన బియ్యపు పిండిలో గుడ్డ ముంచి, కుండ మీద ఒక్క లాగు లాగితే ఒక్క రేకు. ఆవిడ తీసి చూపించింది. చార లేదు, బొబ్బ లేదు. మడిచేటప్పుడు ఆవిడ చేసిన ఇంకో పని నేను చూశాను కానీ అప్పుడు పట్టించుకోలేదు. చిరిగిన రేకుల్ని లోపల పరిచి, నెయ్యీ పంచదారా వేసి, నిండు రేకు పైన చుట్టింది. వాళ్ల ఊళ్లో అందరూ అలాగే చుడతారు. అందులో మోసమేమీ లేదు. రుచి ఒకటే, వస్తువు వృథా కాదు.

మర్నాడే డాక్టరుగారు ఆవిడని లాబొరేటరీకి పిలిపించారు. గాజు పలక మీద ఫిల్ము పరిచి, అల్యూమినా ద్రావణం గిన్నె పక్కన పెట్టి, “రేకు తీసినట్టే తియ్యమ్మా” అన్నారు. ఆవిడ గుడ్డ మడతని రెండుసార్లు మార్చి చూసుకుంది. మూడోసారి లాగింది. డాక్టరుగారు భూతద్దం పెట్టి ఈ చివర నుంచి ఆ చివరకి చూసి, తల ఎత్తకుండానే, “రేపట్నుంచి తొమ్మిదింటికి వచ్చెయ్” అన్నారు. మాకు చదువుకున్న కుర్రాళ్లు ముగ్గురుండేవారు. వాళ్ల మొహాలు చూసి తీరాలి.

పూత ఆరాక ప్రతి ముక్కనీ ట్యూబులైటు పెట్టె మీద పెట్టి చిల్లులు వెతకడం కూడా ఆవిడ పనే. సూదిమొనలో పదోవంతు చిల్లైనా ఆవిడ కంటికి దొరికిపోయేది. దొరికిన ముక్కని పారేయాలి. పారేసిన ప్రతి ముక్కకీ స్టోరులో నాకు లెక్క చెప్పాలి. ఫిల్ము పరదేశం నుంచి రావాలి, వచ్చేసరికి ఆర్నెల్లు పడుతుంది. నా బాధ నాది. అయినా ఆ బాధని నేను ఆవిడ మీద ఎలా వెళ్లగక్కానో తలుచుకుంటే ఇప్పుడు తల ఎత్తుకోలేను.

“ఏటమ్మా ఇది? నెలకి పదకొండు ముక్కలు పారీసినావా? ఇదేటి మీ ఊరి బియ్యప్పిండి అనుకున్నావేటి? ఇంకో నాలుగు పోనాయంటే నాను డాక్టరుగారికి సెప్పీసి నిన్ను ఇంటికి పంపించీస్తాను!” అని అందరి ముందూ అరిచాను.

ఆవిడ “ఆయ్, ఇంక పోనివ్వనండి” అంది. అంతే. అది ఎనభై ఐదు ఆగస్టు.

చిల్లు ఎందుకు ఉండకూడదో ఆవిడకి ఎవరూ చెప్పలేదు. ఉండకూడదని చెప్పారంతే. డాక్టరుగారు చెప్పలేదు, చెప్పాలని ఆయనకి తోచలేదు. చదువుకున్న కుర్రాళ్లకి ఆవిడతో మాట్లాడటమే నామోషీ.

ఆ నెలాఖరున నాలుగు రోజులు ముసురు పట్టింది. పోర్టుకి ఇవ్వాల్సిన ఆరు సెల్లులూ ఆ వారంలోనే చుట్టారు. మూడో సెల్లుకి ముక్కలు కోస్తున్నప్పుడు ఒకదాని చివర చిల్లు కనిపించిందట. ఇదంతా తర్వాత ఆవిడే చెప్పింది. నేను తిట్టిన తర్వాత అప్పటికే మూడు పోయాయి. ఇది నాలుగోది. ఆవిడ ఆ ముక్కని చేతిలో పట్టుకుని కాసేపు నిలబడింది. తర్వాత చిల్లున్న చివర చుట్టలో మొదట లోపలికి పోయేలా తిప్పి, దాని మీద బాగున్న ముక్క పెట్టి, తడిగాలి చొరబడని గాజు పెట్టె దగ్గర చుట్టే కుర్రాడికి అందించింది. చిరిగింది లోపలికి, నిండుది పైకి. చేతికి అలవాటైన పనే, తప్పు చేస్తున్నానని కూడా అనుకోలేదు.

ఆరు సెల్లులూ ఒక ఇనప పెట్టెలో బిగించి వీర్రాజుకి అప్పగించాం. ప్రతి గురువారం బోయా లోంచి తీసుకొచ్చి, దీపాల సెక్షన్ ఛార్జింగ్ గదిలో ఎనిమిదింటికి పెడితే నాలుగింటికి నిండేది. డాక్టరుగారు గోడకి ఎర్రబోర్డు రాయించారు, దీని దగ్గరికి నీళ్లు తేవద్దని. పక్కన బకెట్టు నిండా గ్రాఫైట్ పొడి పెట్టించారు, మంట లేస్తే కప్పడానికి. ఆరు గురువారాలు ఏమీ కాలేదు. వీర్రాజు ఆ పెట్టెని ఒంటిచేత్తో ఎత్తి అందరికీ చూపించి మురిసిపోయేవాడు.

ఏడో గురువారం పొద్దున్న తొమ్మిదింటికి డాక్టరుగారు మమ్మల్నందర్నీ మైక్రోస్కోపు దగ్గరికి పిలిచారు. యాభై సార్లు ఛార్జి చేసిన పాత సెల్లొకటి కోసి లిథియం పట్టీ బయటకి తీశారు. ఆయన మొహం వెలిగిపోతోంది. “ముందు భ్రమరాంబని చూడనివ్వండి, ఇది ఆవిడ గెలుపు” అన్నారు.

ఆవిడ వంగి కన్ను పెట్టింది. “ఇదేంటండీ, నాచు పట్టినట్టుంది.”

“నాచు కాదు, ముళ్లు. ఛార్జి చేసిన ప్రతిసారీ లిథియం వెనక్కొచ్చి ఈ పట్టీ మీద కూర్చుంటుంది. చక్కగా కూర్చోదు, ఇలా ముళ్లుగా మొలుస్తుంది. నీ పూత చూశావా, వాటిని ఎలా ఆపిందో! పూత లేని సెల్లు ఇరవై సార్లకే పోయింది.”

“చిల్లుంటేనో అండి?”

“చిల్లుంటే ముల్లు అందులోంచి దూరిపోతుంది. దారి దొరికాక వదులుతుందా? అవతలి పట్టీని తాకిందంటే నిప్పు.”

“లోపలి చుట్టలో ఉంటేనండి? పైన మంచిది ఉంటే?”

డాక్టరుగారు నవ్వారు. “లోపలేమిటి, పైనేమిటి? రెండు ముక్కలూ వేరువేరు చోట్ల అడ్డం నిలబడతాయి, ఒకదానికొకటి సాయం రాదు. లోపలుంటే మరీ ప్రమాదం, వేడి పోయే దారి ఉండదు.”

నేను పక్కనే ఉన్నాను. ఆవిడ మొహంలో రంగు పోవడం చూశాను. ఒంట్లో బాగోలేదేమో అనుకున్నాను. ఆ పూట వీర్రాజు ఛార్జింగ్ గదిలో ఉంటాడన్న సంగతి మా అందరికీ తెలుసు. గురువారం కదా.

ఆ తర్వాత మూడు గంటలు. ఆవిడ పని చేసుకుంటూనే ఉంది. ఏడు ముక్కలు పూసింది, ఏడింటి మీదా చారలు పడ్డాయి. రెండుసార్లు నా స్టోరు దగ్గరికి వచ్చింది. మొదటిసారి గుడ్డ కావాలంది. రెండోసారి ఏమీ అడగలేదు, గుమ్మంలో నిలబడింది.

“ఏటమ్మా, మళ్లీ పాడైపోనాయా ఏటి?” అన్నాను నేను, తల కూడా ఎత్తకుండా.

“లేదండి” అని వెళ్లిపోయింది.

ఆవిడ లోపల ఏం జరుగుతోందో ఆవిడే తర్వాత చెప్పింది. ఆరుసార్లు ఏమీ కాలేదు కదా, ఏడోసారీ కాదులే అనుకుందట. సాయంత్రం నాలుగైతే ఛార్జింగ్ ఆపేస్తారు, అప్పుడు ఇంట్లో మెల్లగా మొగుడికి చెప్పి ఆ పెట్టె వెనక్కి తెప్పిస్తే ఎవరికీ తెలియకుండా సర్దుకుపోతుంది అనుకుందట. మళ్లీ అంతలోనే ఆ నాచు కళ్లముందు కదిలేదట. నిమిషానికోసారి గోడ గడియారం చూసుకుంది. పన్నెండు దాటి పది నిమిషాలైంది. మూడోసారి నా దగ్గరికి వచ్చింది. ఈసారి గుమ్మంలో ఆగలేదు.

“జగ్గారావుగారూ, నన్ను తిట్టండి, కొట్టండి, పన్లోంచి తీసేయండి. పోర్టు పెట్టెలో మూడోదాన్లో చిల్లున్న ముక్క పెట్టాను. లోపల పెట్టాను. మా ఆయన అక్కడున్నాడండి.”

నాకు ముందు అర్థం కాలేదు.  అర్థమయ్యాక డాక్టరుగారి గదికి పరిగెత్తాను. ఆయన గాజు పెట్టెకి బిగించిన రబ్బరు తొడుగుల్లో మోచేతుల దాకా చేతులు పెట్టి ఉన్నారు. నేను చెప్పిన రెండు ముక్కలకే చేతులు ఎంత విసురుగా లాక్కున్నారంటే ఒక తొడుగు తిరగబడి బయటకి వచ్చేసింది. ఆయన ఆవిడ వంక ఒక్కసారి చూశారు.  తిట్టడానికి టైము లేదు.

ఫోను చేశాం. దీపాల సెక్షన్ ఆఫీసులో ఎవరో ఎత్తి, వీర్రాజు ఛార్జింగ్ గదిలో ఉన్నాడు, అది అవతలి చివర ఉంది, పిలవడానికి మనిషి లేడు, భోజనాలకెళ్లారు, ఓ అరగంట పోయాక చెయ్యండి అని పెట్టేశాడు. మళ్లీ చేస్తే మోగుతూనే ఉంది.

ముగ్గురం ఆటో ఎక్కాం. ద్వారకా నగర్ దాకా బాగానే వచ్చాం. అక్కడ బస్సులు. డాక్టరుగారు ఆటోవాడి భుజం మీద చెయ్యి వేసి “పోనీ, పోనీ” అంటూనే ఉన్నారు. భ్రమరాంబ ఏడవలేదు. రెండు చేతులతో ముందు కమ్మీ పట్టుకుని కూర్చుంది. వన్ టౌన్‌లో హోల్‌సేల్ కొట్ల సందులో బెల్లం దించుతున్న లారీ అడ్డం నిలబడింది. ముందుకీ లేదు, వెనక్కీ లేదు. ఆటోవాడు దిగి లారీవాడితో తగువు పెట్టుకున్నాడు. మేం చూసేసరికి ఆవిడ సీట్లో లేదు. చెప్పులు ఆటోలో వదిలేసి లారీ పక్క సందులోంచి దూరిపోయింది. ఆవిడ వెనక మేం పరిగెత్తాం. యాభై ఏళ్లవాణ్ణి, నా జన్మలో ఎప్పుడూ అలా పరిగెత్తలేదు.

పోర్టు గేటు దగ్గర వాచ్‌మన్ “పాసేదమ్మా?” అని చెయ్యి అడ్డం పెట్టాడు. ఆవిడ ఆ చేతి కిందనుంచి వెళ్లిపోయింది. డాక్టరుగారు తన పాసు అతని మొహాన విసిరారు.

ఛార్జింగ్ గది తలుపు తెరిచే ఉంది. లోపల పొడుగాటి బల్లల మీద పాత రకం బ్యాటరీలు ఇరవై దాకా ఛార్జింగ్‌లో ఉన్నాయి. వాటిలోంచి వచ్చే గ్యాసు అంటుకుంటే గది మొత్తం లేచిపోతుంది, అది అక్కడ పనిచేసే వాళ్లందరికీ తెలుసు. చివర బల్ల మీద మా ఇనప పెట్టె. దాని పక్కన వీర్రాజు. అటువైపు తలుపులోంచి హెల్పర్ తవిటయ్య నీళ్లోడుతున్న గోనెసంచి రెండు చేతుల మీదా వేసుకుని వస్తున్నాడు.

“స్విచ్చి కట్టీసినా సల్లారనేదు బావా, ఇంకా కాగిపోతంది. తడి గోనె సుట్టీసీమంటావా?” అంటున్నాడు తవిటయ్య.

పాత బ్యాటరీ వేడెక్కితే వాళ్లు ఎప్పుడూ చేసే పనే అది. తడి గోనె చుడితే చల్లబడుతుంది. ఎర్రబోర్డు ఎదురుగానే ఉంది. కానీ ఇరవై ఏళ్లుగా చేతులకి అలవాటైన పని ముందు బోర్డు ఎంత? వీర్రాజు కూడా ఆ క్షణంలో చెయ్యి చాపాడు గోనె అందుకోవడానికి.

“మావా! తడి వద్దు! దాంట్లో చిల్లుంది మావా! నేనే పెట్టాను!”

పెళ్లాం అక్కడికి ఎలా వచ్చిందో తెలియక వీర్రాజు ఒక్క క్షణం బొమ్మలా నిలబడ్డాడు. అంతలో ఎర్రబోర్డు అతని కంట పడ్డట్టుంది. ఎడంచేత్తో తవిటయ్యని గోనెతో సహా వెనక్కి తోశాడు. పెట్టె బుసకొట్టడం మొదలుపెట్టింది. డాక్టరుగారు “వదిలెయ్, బయటికి రా!” అని అరుస్తున్నారు. వీర్రాజు చుట్టూ ఉన్న ఇరవై బ్యాటరీలనీ ఒకసారి చూశాడు. కుడిచేత్తో పెట్టె పిడి పట్టుకుని ఎత్తి తలుపు వైపు పరిగెత్తాడు.

బల్ల నుంచి తలుపుకి పన్నెండు అడుగులుంటాయేమో. గుమ్మం దగ్గర మూత ఎగిరిపోయింది. తెల్లటి మంట, కళ్లు చూడలేని మంట, దాని అంచున ఎర్రగా. అక్కడ పడేస్తే గదికి అంటుకుంటుంది. అతను పడేయలేదు. ఇంకో పది అడుగులు మోసి ఖాళీ స్థలంలో వదిలేశాడు. వదిలాడంటే అలా అంటున్నాను గాని, అరచెయ్యి పిడికి అంటుకుని వెంటనే రాలేదు.

నేను గ్రాఫైట్ బకెట్టు కోసం వెళితే అందులో పావువంతే ఉంది. మిగిలింది గొలుసులు బిగుసుకోకుండా రాసుకోవడానికి ఎవరెవరో పట్టుకుపోయారు. ఉన్నదంతా కుమ్మరించాం. డాక్టరుగారు చేతులతో తోడి కప్పారు. మంట అణిగింది. ఆరు సెల్లుల్లో రెండు కాలిపోయాయి. మూడోది పూర్తిగా, దాని పక్కన నాలుగోది సగం. ఎవరి ప్రాణమూ పోలేదు. తవిటయ్య తడి గోనె ఒళ్లో పెట్టుకుని నేలమీద కూర్చుని, “నాను సుట్టీసుంటే ఏటయ్యేది బాబూ” అని అదే మాట పదిసార్లు అన్నాడు.

మూడో రోజు ఆసుపత్రికి వెళ్లాను, చేతిలో బ్రెడ్డు పొట్లం. వీర్రాజు కుడిచెయ్యి మోచేతి దాకా కట్టు. వేళ్లు మూడు ఇంక తెరుచుకోవని డాక్టర్లు చెప్పేశారు. భ్రమరాంబ మంచం పక్కన స్టూలు మీద కూర్చుని ఉంది. నేను గుమ్మంలో ఉన్నాను, వాళ్లిద్దరూ నన్ను చూడలేదు.

“నీకు ఎప్పుడు తెలిసింది?” అన్నాడు అతను.

ఆవిడ అబద్ధం చెప్పొచ్చు. పన్నెండింటికి తెలిసింది, తెలిసిన వెంటనే పరిగెత్తుకొచ్చాను అంటే కాదనేవాడు లేడు. డాక్టరుగారు చెప్పరు, నేనూ చెప్పను.

“తొమ్మిదింటికి” అంది.

“తొమ్మిదింటికా?”

“తొమ్మిదింటికి తెలిసింది మావా. పన్నెండు దాటేదాకా చెప్పలేదు.”

 “ఎందుకని?” అన్నాడు.

“జగ్గారావుగారు తిడతారని.”

నా చేతిలో బ్రెడ్డు పొట్లం ఎక్కడ పెట్టానో నాకు తెలియదు. నేను తిట్టిన తిట్లు నేను నాలుగు రోజుల్లో మర్చిపోయేవాణ్ణి. ఇంకొకరి గుండెలో అవి ఇంతకాలం కూర్చుంటాయని, ఒక మనిషి చెయ్యి కాలిపోయేంత బలం వాటికుంటుందని నాకు ఆ రోజు తెలిసింది. వీర్రాజు గోడవైపు తిరిగి పడుకున్నాడు. పదకొండు రోజులు భార్యతో మాట్లాడలేదు. ఆవిడ రోజూ అన్నం తెచ్చింది, కలిపి పెట్టింది, అతను నోరు తెరిచి తిన్నాడు. మాట మాత్రం లేదు.

మాకు డబ్బిచ్చే ఢిల్లీవాళ్లకి డాక్టరుగారు నిజమే రాశారు. పూతలో చిల్లుందనీ, చిల్లు ఎందుకు ప్రమాదమో పూత వేసే మనిషికి తాను చెప్పలేదనీ రాశారు. ఆర్నెల్లు పని ఆగిపోయింది. మళ్లీ మొదలైనప్పుడు భ్రమరాంబని తీసేయమని పైనుంచి మాట వచ్చింది. “ఆవిడ లేకపోతే నేనూ లేను” అని డాక్టరుగారు తిరిగి జవాబు రాశారు. ఆ కాగితం పోస్టు చేసింది నేనే.

లాబొరేటరీలో మారింది ఒకటే. లైటు పెట్టెకి ఎదురుగా గోడకి నేను వరసగా మేకులు కొట్టాను. చిల్లున్న ముక్క దొరికిందంటే దాన్ని పారేయకూడదు, స్టోరులో లెక్క చెప్పనక్కర్లేదు, తేదీ వేసి గోడకి తగిలించాలి. ఏ వాన రోజు ఎన్ని చిల్లులు పడ్డాయో ఆ గోడ చూస్తే తెలిసిపోయేది. అవి ముసురు రోజుల్లోనే పడుతున్నాయని, ద్రావణంలోకి తేమ వచ్చి చేరుతోందని ఆ గోడని చూసే డాక్టరుగారు పట్టుకున్నారు. పూత గదిలోకి తడిగాలి రాకుండా చేశాక గోడమీద మేకులు ఖాళీగా కనిపించడం మొదలైంది. ఎనభై ఏడులో కొత్త సెల్లులు వంద ఛార్జింగులు దాటాయి, వేడెక్కకుండా.

ఆ వారం వీర్రాజు మమ్మల్ని ఇంటికి భోజనానికి పిలిచాడు. అతన్ని ఛార్జింగ్ నుంచి తీసి ఆఫీసులో కూర్చోబెట్టారు, ఎడంచేత్తో రాయడం నేర్చుకున్నాడు. భోజనాలయ్యాక భ్రమరాంబ కుండ పెట్టి రేకులు తీస్తోంది. ఒకటి కుండ మీదనుంచి లేచేటప్పుడు అంచున చిరిగింది. ఆవిడ చెయ్యి అలవాటుగా దాన్ని అడుక్కి పెట్టబోయి ఆగిపోయింది. ఎక్కడ పెట్టాలో తెలియనట్టు పట్టుకుని కూర్చుంది. మేమందరం చూశాం.

వీర్రాజు కుడిచెయ్యి చాపాడు. “ఆ చిరిగింది నాకియ్యి” అన్నాడు.

“మంచిది ఇత్తాను, ఉండు మావా.”

“చిరిగిందే ఇయ్యి. కనపడతా ఉంది కదా, భయమేంటి?”

ఆవిడ ఇచ్చింది. ముడుచుకున్న ఆ మూడు వేళ్ల మధ్య రేకు నిలవలేదు, ముక్కలై ఒళ్లో రాలింది. ఆవిడ కుండ దగ్గర్నుంచి లేచి వచ్చి అతని ముందు కూర్చుని, ఒక్కొక్క ముక్కా ఏరి నోటికి అందించింది. ఏడుస్తూనే అందించింది. అతను వద్దనకుండా అన్నీ తిన్నాడు. డాక్టరుగారూ నేనూ వచ్చే వారం పోర్టుకి ఇవ్వాల్సిన సెల్లుల గురించి మాట్లాడుకోవడం మొదలుపెట్టాం.